ఫోటోలో లేని జిప్పక్క

జిప్పక్క కస్టమర్ల కోట్లు ఎత్తుకుపోయిందనీ, దొరికిపోయేసరికి సిగ్గుతో ఫోన్ మురిక్కాలవలో పారేసిందనీ, షాపుకి తాళమేసి ఎటో పారిపోయిందనీ మన వీధిలో ఒక కథ తిరుగుతోంది. పాలు పోసేవాడు ఒకలా చెప్తాడు, మూల మీద మందుల షాపాయన ఇంకోలా చెప్తాడు. చెప్పిన ప్రతివాడూ చివర్లో "ఒకళ్ళ సంగతి మనకెందుకులెండి" అంటాడు. మనకెందుకు అనుకున్నవాడివి అంతసేపు ఎలా చెప్పావయ్యా మరి!

ఆ కథలో నిజం ఆవగింజంత. కోట్లు తొడుక్కున్న మాట నిజం. తొడుక్కుంది గానీ ఎత్తుకుపోలేదు. ఫోన్ ఏ కాలవలోనూ పడలేదు, నిక్షేపంగా ఆమె దగ్గరే ఉంది, చేస్తే ఎత్తుతుంది కూడా. షాపుకి తాళం వేసిన మాటా నిజమే. అయితే పారిపోవడానికి వెయ్యలేదు, ఒక మనిషిని వెతకడానికి వేసింది. మిగతాది ఎవరి నోటికి వచ్చినట్టు వాళ్ళు అతికించిందే. అసలు జరిగింది ఇది.

నాలుగంతస్తుల బిల్డింగు ఒకటుంది కదా, దాని మెట్ల కింద ఆమె షాపు. షాపంటే పెద్దగా ఊహించుకోకండి. నిటారుగా నిలబడితే తల మెట్టుకి కొట్టుకుంటుంది. ఒక కుట్టు మిషను, ఒక బల్బు, మేకులకి వేలాడే జిప్పులు. పొట్టివి ప్యాంట్లకి, పొడుగువి కోట్లకి, లావుపాటివి పెట్టెలకీ సంచులకీ. పళ్ళూడిన జిప్పు, నోరు మూయని జిప్పు, సగంలో మొండికేసిన జిప్పు, అన్నీ ఆమె దగ్గరికే వస్తాయి. చాలావాటికి కొత్త జిప్పు అక్కర్లేదు. పైకీ కిందకీ నడిచే రన్నర్ని పటకారుతో అటూ ఇటూ కాస్త నొక్కితే చాలు, మళ్ళీ బుద్ధిగా నడుస్తుంది. ఆమె అదే చేసి ఇచ్చేస్తుంది. ఇంత చిన్న పనికి కొత్త జిప్పు అంటగట్టే రకం కాదు.

భర్త బస్సు నడుపుతాడు. ఆయన ఇంటికొచ్చేసరికి మాటలన్నీ రోడ్డు మీదే అయిపోయి ఉంటాయి. కూతురు కాలేజీలో చదువుతోంది. చదువు ఇంకా పూర్తికాలేదు గానీ నోటికి మాత్రం ఎప్పుడో డిగ్రీ వచ్చేసింది.

ఈ మెట్ల కిందకి రాకముందు జిప్పక్క కోట్ల ఫ్యాక్టరీలో మూడో లైనులో కుట్టేది. లైనంటే మిషన్లు ఒకదాని వెనక ఒకటి, బస్సులో సీట్లలాగ. ఒక్కొక్కళ్ళు ఒక్క పనే చేస్తారు. మొదటి మిషను మీద జేబులు, రెండో దాని మీద చేతులు, మూడో దాని మీద కాలరు, నాలుగో దాని మీద జిప్పు, ఐదో దాని మీద బొత్తాలు. ఏ పని కుట్టేవాళ్ళకి ఆ పేరే. జేబుల పిన్ని, చేతులక్క, కాలర్ వదిన, జిప్పక్క, బొత్తాల పిల్ల. సొంత పేర్లు జీతమిచ్చే రోజున మాత్రమే వినపడేవి, అప్పుడు కూడా "ఎవర్నో పిలుస్తున్నాడే" అనుకునేవాళ్ళు.

ఐదుగురిలో జిప్పక్కకి ప్రాణం కాలర్ వదినంటే. మరి జిప్పు కుట్టడం నేర్పింది ఆవిడే. చేరిన కొత్తలో సూది వేలిలో దిగితే, అరవకుండా వేలు నోట్లో పెట్టుకుని కళ్ళనీళ్ళు పెట్టుకున్న పిల్లని చూసి, "ఏడిస్తే ఏడు, గుడ్డ మీద మాత్రం పడనీయకు, మరక పోదు" అన్న మనిషి. ఆ తర్వాత ఎన్నేళ్ళో ముందు మిషను ఆవిడది, వెనక మిషను ఈవిడది. వదిన వీపు చూస్తే చాలు, ఆ రోజు ఆవిడ ఎలా ఉందో జిప్పక్క చెప్పేసేది.

ఫ్యాక్టరీ మూతపడింది. తలో దిక్కుకీ పోయారు. పోయేముందు బొత్తాల పిల్ల అందరి ఫోన్లూ తీసుకుని "మూడో లైను" అని ఒక గ్రూపు పెట్టింది. "ఇక మనం విడిపోయే మాటే లేదు పిన్నీ, అందరం ఇందులోనే ఉంటాం" అంది. మొదట్లో నిజంగానే ఉన్నారు. పొద్దున్న లేస్తే మాటలు, తిట్లు, నవ్వులు. పోనుపోనూ మాటలు పోయి పూలు మిగిలాయి. "శుభోదయం" అని ఒక గులాబీ. దానికి నాలుగు బొటనవేళ్ళు. అంతే ఆ రోజుకి.

అయినా జిప్పక్కకి ఫోన్ మీంచి కన్ను తీస్తే ఏదో దాటిపోతుందని భయం. దారం ఉండకి ఆనించి పెట్టుకునేది. నాలుగు కుట్లు, ఒక చూపు. టింగుమంటే పాదం మిషను మీద ఆగిపోయేది. కుట్టు గౌనుకి ముందువైపు ఒక జేబు కుట్టుకుని, దానికి జిప్పు కూడా పెట్టుకుంది, ఫోన్ కోసమే. స్నానాల గది గుమ్మం దాకా ఆ జేబు వెళ్ళేది.

"అమ్మా, ఫోన్‌ని చర్మానికే కుట్టేసుకోరాదూ, జేబు ఖర్చు తప్పుతుంది" అంది కూతురు.

"నీ ఫోన్ ఏమైనా గోడకి వేలాడుతోందా? నువ్వూ అలాగే ఉన్నావుగా!"

"నాకు వయసు. నీకేం రోగం?"

రోగమే అనుకోండి. జేబుల పిన్ని వాళ్ళన్నయ్య పోయాడని ఫోటో పెడితే, ఈవిడ చూసీ చూడకుండా చప్పట్లు కొట్టే బొమ్మ నొక్కింది. తర్వాత చూసుకుని నాలిక్కరుచుకుంది. ఇంకా వింత ఏంటంటే, ఆ చప్పట్లకి పిన్ని దణ్ణం బొమ్మ పెట్టింది. ఆవిడ కూడా చూడలేదన్నమాట. ఎవరూ ఎవర్నీ చూడటంలేదు, అందరూ వేళ్ళు మాత్రం నొక్కుతున్నారు.

ఇలా ఉండగా ఒక సెలవు రోజు మధ్యాహ్నం చేతులక్క స్టేటస్‌లో ఒక ఫోటో వచ్చింది. జేబుల పిన్ని, చేతులక్క, కాలర్ వదిన, బొత్తాల పిల్ల. నలుగురూ ఒక బల్ల చుట్టూ చేరి, కాగితం కప్పులు పట్టుకుని, కళ్ళు మూసుకుపోయేలా నవ్వుతున్నారు. వెనకాల ఏ చోటో కనపడకుండా నిండా నక్షత్రాలూ గుండెలూ చల్లేసి ఉన్నాయి. మొహాలు గుడ్డు పెంకుల్లా నున్నగా ఉన్నాయి. పైన "మనవాళ్ళతో" అని రాసి ఉంది.

జిప్పక్క ఫోన్ కళ్ళ దగ్గరికి తెచ్చుకుంది. ముందు నుంచి వెనక్కీ, వెనక నుంచి ముందుకీ చూసింది. నలుగురున్నారు. తను లేదు. ఐదుగురిలో నలుగురంటే మర్చిపోవడం కాదు, వదిలేయడం. మనవాళ్ళట! మరి నేనెవర్ని?

అడిగితే ఒక్క నిమిషంలో తేలిపోయేది. "ఎప్పుడు కలిశారే, నన్ను పిలవలేదేం" అని ఒక్క తిట్టు తిడితే సరిపోయేది. అడగలేదు. అడిగితే చులకనైపోతానని. పళ్ళు బిగబట్టి ఆ ఫోటోకి ఎర్రటి గుండె బొమ్మ ఒకటి పెట్టింది. లోపల అసలు గుండె మాడిపోతుంటే పైకి బొమ్మ గుండె! ఆ రోజు ఒక పెద్దమనిషి ప్యాంటుకి జిప్పు వేస్తూ జేబు మూతి కూడా కలిపి కుట్టేసింది. ఆయన మర్నాడొచ్చి, "అమ్మా, మా ఆవిడ నీకేమైనా చెప్పి కుట్టించిందా?" అని అడిగాడు.

అక్కడితో ఊరుకుందా? ఊరుకోలేదు. నేను లేకుండా మీరు నవ్వితే, మీరు లేకుండా నేను నవ్వలేనా అనుకుంది. అయితే నవ్వడానికి బట్టలుండాలి కదా, ఫోటోలో. ఆమెకున్నవి రెండు గౌన్లు, ఒక పాత కోటు. కానీ షాపులో మేకులకి వేలాడుతున్నవో? తోలు కోట్లు, ఉన్ని కోట్లు, బొచ్చు కాలరున్నవి, నడుం దగ్గర బిగించేవి. జిప్పు బాగుచేశాక సరిగ్గా నడుస్తోందా లేదా అని తొడిగి చూడటం మామూలేగా? తొడిగింది. తొడిగిన చేత్తో మెట్ల పక్కన కుండీలో మొక్క దగ్గర నిలబడి ఒక ఫోటో తీసుకుంది. "కొత్త రోజులు" అని రాసి పెట్టింది. మర్నాడు ఇంకో కోటు. ఎదురు బిల్డింగు అద్దం తలుపు ముందు. ఆ తర్వాత పార్కులో, ఇంకోసారి ఎవరిదో కారుకి ఆనుకుని. కారాయన వస్తే "దుమ్ము తుడుస్తున్నా సార్" అంది.

భర్త ఒకరోజు బస్సు డిపోలో ఫోన్ చూసుకుంటూ, "ఇది మా ఆవిడలాగే ఉందే!" అన్నాడట పక్కవాడితో. ఇంటికొచ్చి అడిగాడు.

"ఏమే, మనకి లాటరీ ఏమైనా తగిలిందా, నాకు తెలీకుండా?"

"నేను బాగుంటే మీకు నచ్చదా?"

"బాగున్నావు. అందుకే అనుమానం."

సరిగ్గా ఆ రోజుల్లోనే కాలర్ వదిన దగ్గర్నుంచి ఒక మెసేజ్ వచ్చింది. గ్రూపులో కాదు, విడిగా ఈమెకే. "ఏమే, ఎలా ఉన్నావు? నీతో కాస్త పనుంది. తీరిక చూసుకుని ఫోన్ చెయ్యవే." అక్షరాలు అడ్డదిడ్డంగా, రెండు మూడు చోట్ల తప్పులతో ఉన్నాయి.

జిప్పక్క చదివింది. చదివి, "ఓహో, విందులకి వాళ్ళు, పనులకి నేనా?" అనుకుంది. ఫోన్ బోర్లా పెట్టేసింది. వదిన ఫోన్‌లో ఆ మెసేజ్ కింద రెండు నీలం గీతలు పడి ఉంటాయి, చదివినట్టుగా. జవాబు మాత్రం లేదు. చెంపదెబ్బకైతే చప్పుడుంటుంది. దీనికి అది కూడా ఉండదు.

కోట్ల సంగతి ఎంతో కాలం సాగలేదు. ఊదారంగు కోటు ఇచ్చిన టీచరమ్మ ఒకరోజు షాపు ముందు నిలబడింది. చేతిలో ఫోన్ ఉంది.

"జిప్పక్కా, నా కోటు ఎలా ఉంది?"

"అయిపోయింది మేడమ్. రన్నర్ మార్చాను."

"అది కాదు. మొన్న పార్కుకి వెళ్ళొచ్చిందటగా? నిన్న అద్దాల తలుపు దగ్గర కూడా కనపడిందట. మా చెల్లెలు పంపింది చూడు. నేను కొనుక్కుని ఇంతవరకూ ఒక్క ఫోటో దిగలేదు, అది మాత్రం నాకన్నా ముందే ఊరంతా తిరిగొచ్చింది!"

ఆవిడ నవ్వుతూనే అంది. పక్కన నిలబడ్డవాళ్ళు మాత్రం నవ్వి ఊరుకోలేదు, మోసుకుపోయారు. అదే ఇప్పుడు మన వీధిలో తిరుగుతున్న దొంగతనం కథ. జిప్పక్కకి తలకాయ ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. "తప్పయింది మేడమ్" అని కోటు మడిచి ఇచ్చింది. టీచరమ్మ వెళ్ళాక, పెట్టిన ఫోటోలన్నీ ఒక్కొక్కటే తీసేసింది.

తీసేస్తూ తీసేస్తూ, ఆ నలుగురి ఫోటో ఇంకోసారి చూసింది. దాన్ని అప్పుడే దాచుకునుందిగా, పుండు గోక్కోవడానికి. రెండు వేళ్ళతో పెద్దది చేసి ఒక్కొక్క మొహం చూసింది. కాలర్ వదిన దగ్గరకొచ్చేసరికి వేళ్ళు ఆగిపోయాయి.

మొహం దగ్గర కాదు, కోటు దగ్గర. వదిన బూడిద రంగు కోటుకి పసుపుపచ్చగా మెరుస్తున్న ఇత్తడి జిప్పు ఉంది.

ఆ జిప్పుకి పళ్ళు రాలిపోయాయని, ఫ్యాక్టరీ మూతపడే ముందు, అన్నాల వేళప్పుడు వదిన ఒళ్ళో కోటు పెట్టుకుని కూచుంటే, కుట్లు విప్పి తీసేసి నల్ల జిప్పు వేసింది ఎవరు? తనే. తన చేత్తో విప్పి చెత్తబుట్టలో పారేసిన జిప్పు, ఈ ఫోటోలో పళ్ళికిలించి నవ్వుతోంది!

అంటే ఈ ఫోటో నిన్నామొన్నటిది కాదు, ఫ్యాక్టరీ రోజులది. మరి అప్పుడు నేనెక్కడున్నాను? ఫోటోని అటూ ఇటూ జరిపింది. కింద మూల, నక్షత్రాల పక్కన, గులాబీ రంగు మరకలాంటిది ఉంది. వేలి కొన అది. ఫోన్ పట్టుకున్న మనిషి వేలు. అప్పుడు గుర్తొచ్చింది. పెద్ద ఆర్డరు పూర్తయిన రోజున ఫ్యాక్టరీ వెనక పెరట్లో అందరికీ టీ పోశారు. చేతులక్క తన ఫోన్ తీసి, "ఒసేయ్ జిప్పూ, నీ చెయ్యి వణకదు, నువ్వు తియ్యి" అంది. తను తీసింది. తీసేటప్పుడు, "పిన్నీ, నీ నోరు మూస్తే జేబులాగా, తెరిస్తే సంచిలాగా ఉంది" అని తనేదో అంటే, వాళ్ళు పగలబడి నవ్వారు. ఆ నవ్వే ఇది.

తనని పిలవలేదని ఇన్నాళ్ళు ఏడ్చిన చోట, వాళ్ళని నవ్వించింది తనే.

కూతురికి చెప్పింది. ఆ పిల్ల పొట్ట పట్టుకుని నవ్వింది. "అంటే అమ్మా, నువ్వు వెళ్ళిన చోటికే నిన్ను పిలవలేదని అలిగావా? ఫోన్ వాళ్ళు నీకు బహుమతివ్వాలి!"

జిప్పక్క కూడా నవ్వింది. నవ్వుతూ ఉండగానే వదిన మెసేజ్ గుర్తొచ్చింది. నవ్వు సగంలో ఆగిపోయింది. "నీతో కాస్త పనుంది." ఎన్నాళ్ళయింది అది వచ్చి? వదిన ఎప్పుడూ ఎవర్నీ పని అడిగే మనిషి కాదు. సూది విరిగితే పక్కవాళ్ళని అడక్కుండా తనే లేచి తెచ్చుకునేది.

ఫోన్ చేసింది. మోగలేదు, ఆపేసి ఉంది. మళ్ళీ చేసింది. అంతే. గ్రూపులో రాసింది: "కాలర్ వదిన ఎలా ఉంది? ఎవరైనా చూశారా?" చేతులక్క పువ్వు పెట్టింది. బొత్తాల పిల్ల ఎక్కడో దూరపు ఊళ్ళో కాపురముంటోంది, అక్కణ్ణించి గుండె పెట్టింది. పిన్ని దణ్ణం పెట్టింది.

ఆ పువ్వునీ గుండెనీ దణ్ణాన్నీ చూసేసరికి జిప్పక్కకి అరికాలి మంట నెత్తికెక్కింది. ముందు వాళ్ళ మీద, ఆ వెంటనే తన మీద. లైనులో ఇలా ఉండేదా? ఫ్యాక్టరీలో ఒక పద్ధతి ఉండేది. ఎవరూ రాసిపెట్టింది కాదు, ఆడవాళ్ళు పెట్టుకున్నదే. ముందు మిషను నుంచి ముక్క రాకపోతే, వెనక మిషను మనిషి అరవకూడదు, సూపర్‌వైజర్‌కి చెప్పకూడదు. లేచి వెళ్ళి చూడాలి. దారం తెగిందా, కళ్ళు తిరిగాయా, ఏడుస్తోందా, ఏదైతే అది. పిలుస్తారేమో అని కూచోకూడదు. పడిపోయినవాళ్ళు ఎలా పిలుస్తారు? వదిన వెనక మిషను తనది. ముక్క రావడం మానేసి ఎన్నాళ్ళో అయింది. తను లేవలేదు. లేవకపోగా కోట్లు తొడుక్కుని ఫోటోలు దిగింది.

బల్బు ఆర్పింది. షాపుకి తాళం వేసింది. ఒకావిడ సంచి పట్టుకుని వస్తూ, "జిప్పక్కా, ఇదొక్కటి చూసి..." అంది. "రెండ్రోజులాగండి, మీ సంచి నోరు తెరుచుకునుంటే ఏం కొంపలు మునగవు" అనేసి వెళ్ళిపోయింది. ఎప్పుడూ కస్టమర్‌కి అలా చెప్పి ఎరగదు.

వదిన పాత గది ఖాళీ చేసి చాలా కాలమైంది. కొత్తది ఎక్కడో జిప్పక్కకి తెలీదు. ఇంతకాలం ఆవిడ పెట్టిన ప్రతి గులాబీకీ బొటనవేలు పెట్టింది గానీ, ఆ గులాబీ ఏ గదిలోంచి వస్తోందో ఒక్కసారి అడగలేదు. ముందు జేబుల పిన్ని ఇంటికి వెళ్ళింది. పిన్ని మోకాళ్ళకి గుడ్డ చుట్టుకుని కుర్చీలో కూచునుంది. తలుపు తీసిన మనిషిని చూసి కళ్ళజోడు సర్దుకుంది.

"ఎవరూ... జిప్పా? నిజంగానే వచ్చావా?"

"లేదు పిన్నీ, ఫోటో వచ్చింది. నిజంగానే వచ్చాను! వదిన ఎక్కడుందో తెలుసా?"

"నాకెలా తెలుస్తుందే? మీరంతా కలుస్తూనే ఉన్నారుగా, నక్షత్రాలు పెట్టుకుని. ఈ కుంటిదాన్ని ఎవరు పిలుస్తారు?"

జిప్పక్క గుమ్మంలోనే కూలబడింది. "పిన్నీ, ఆ ఫోటోలో నువ్వున్నావు!"

"నేనా? చిన్నగా ఉంది, నాకేం కనపడుతుంది. చేతులక్క నవ్వు చూసి, మీరనుకున్నా."

వదిన ఉండే పేట పేరు మాత్రం పిన్నికి తెలుసు, అంతకుమించి తెలీదు. అక్కణ్ణించి చేతులక్క ఇంటికి. చేతులక్క తలుపు తీసి, జిప్పక్కని చూసి, ఉన్నట్టుండి కళ్ళనీళ్ళు పెట్టుకుంది. ఇల్లు నిశ్శబ్దంగా ఉంది. కొడుకూ కోడలూ డ్యూటీలకి పోతే పొద్దంతా ఒక్కతే.

"ఆ ఫోటో ఎందుకు పెట్టావే అసలు?" అంది జిప్పక్క.

"ఫోనే చూపించింది, 'ఈ రోజు గుర్తుందా' అని. చూస్తే ఏడుపొచ్చింది. పెడితే మీలో ఎవరో ఒకరు 'మళ్ళీ కలుద్దామే' అంటారనుకున్నా. అందరూ గుండెలు పెట్టి ఊరుకున్నారు."

"నేనూ పెట్టాను."

"చూశాను. ఎర్రది."

చేతులక్క ముక్కు తుడుచుకుని, "వదిన ఇల్లు టైర్ల షాపు పైన అని ఎప్పుడో అంది. బయట ఇనప మెట్లుంటాయట. ఆగు, చెప్పులేసుకొస్తా" అంది.

ఆ పేటలో టైర్ల షాపులు ఒకటా రెండా? ఇనప మెట్లున్న చోటల్లా ఎక్కారు, దిగారు. ఒకచోట కుక్క తరిమింది. ఒకచోట అద్దెకి గది కోసం వచ్చారనుకుని ఇంటాయన కుళాయి తిప్పి మరీ చూపించాడు. చేతులక్క రొప్పుతూ, "రేపొద్దున మళ్ళీ వద్దామే" అంది. "రేపు లేదు. కావాలంటే నువ్వు కూచో, నేను ఎక్కుతా" అంది జిప్పక్క. వీధి చివర, పాత టైర్లు గుట్టగా పోసిన షాపు పక్కన, తుప్పు పట్టిన మెట్లు పైదాకా ఎక్కి ఒక తలుపు కొట్టింది.

"తీసే ఉంది" అంది లోపల్నించి ఒక గొంతు.

కాలర్ వదిన కిటికీ దగ్గర కుట్టు మిషను ముందు కూచునుంది. మిషను నడవడంలేదు. ఒక కాలరు ముక్కని వేళ్ళతో తడిమి అంచు వెతుకుతోంది. తల ఇటు తిప్పింది గానీ కళ్ళు ఇద్దరి మీద నిలవలేదు. నల్లగుడ్ల మీద పాలపొరలాగా తెల్లగా కమ్మేసి ఉంది.

"ఎవరు?"

"నేను వదినా. జిప్పుని."

"నువ్వా? బొచ్చు కాలర్ల కోట్లు తొడుక్కుని కార్లకి ఆనుకునేదానివి, ఈ తుప్పు మెట్లు ఎలా ఎక్కావే? కోటుకి మరకంటదూ?"

"నీకెవరు చెప్పారు?"

"అప్పటికి కాస్త కనపడేది. ముక్కుకి ఆనించుకుని చూసేదాన్ని. పోన్లే పాపం, బాగుపడింది అనుకున్నా. అలాంటిదానికి నాతో ఆసుపత్రిలో కూచునే తీరికెక్కడిది? అందుకే రెండోసారి అడగలేదు. ఆ తర్వాత ఫోన్ కింద పడి పగిలింది. బాగుచేయించినా ఏం చూస్తాను?"

ముక్క వెనక ముక్కగా బయటకొచ్చింది. రెండు కళ్ళకీ పొర కమ్మింది. ఆపరేషన్ చేస్తే వస్తుంది చూపు, పెద్ద పనేం కాదన్నారు. అయితే ఆసుపత్రిలో ఒక రూలు. తోడు ఒక మనిషి లేకపోతే బల్ల ఎక్కించరు. వదినకి మొగుడు లేడు, పిల్లలు లేరు. తోడు కోసమే జిప్పక్కకి మెసేజ్ పెట్టింది. జవాబు రాలేదు. ఒక్కతే వెళ్తే, "మనిషిని తెచ్చుకో అమ్మా" అని తిప్పి పంపేశారు. ఇప్పుడు ఇంకో తారీఖిచ్చారు. ఎల్లుండే. అది కూడా దాటితే మళ్ళీ ఎప్పుడో చెప్పలేమన్నారు. ఎక్కువ ఆలస్యం చేస్తే కన్నే మిగలదని కూడా అన్నారు.

జిప్పక్క బోర్లా పెట్టేసిన ఫోన్ కింద ఉన్నది ఇదన్నమాట.

"ఎల్లుండి నేనొస్తున్నా" అంది.

"వద్దే. ఇప్పుడు జాలిపడి రాకు. నాకది అరగదు."

"జాలికి ఇన్ని మెట్లు ఎవరెక్కుతారు వదినా? నీ దగ్గర్నుంచి ముక్క రాలేదు. లేచొచ్చాను. ఆలస్యంగా లేచాను, దానికి తిట్టు. ఎన్ని తిట్లయినా తిట్టు. రావద్దని మాత్రం అనకు, అన్నా వస్తాను."

వదిన చేతిలో కాలరు ముక్కని మిషను మీద పెట్టింది.

"లైను ఆపేసి వచ్చావా?"

"ఆపేశా. షాపుకి తాళమేశా."

"సూపర్‌వైజర్ చంపుతాడే" అంది వదిన, ఏడుస్తూ నవ్వుతూ. చేతులక్క వెనక గుమ్మంలో ముక్కు చీదింది. "అదెవరు, చేతులేనా? ఆ చీదుడు నాకు తెలుసు" అంది వదిన.

ఆ తారీఖున ముగ్గురూ వెళ్ళారు. కౌంటరులో కూచున్నతను తల ఎత్తకుండా, "పేషంటుకి మీరేమవుతారు?" అనడిగాడు.

"వెనక మిషను" అంది జిప్పక్క.

"ఏంటి?"

"మరదలని రాసుకో బాబూ" అంది చేతులక్క.

ఒక కన్నుకి చేసి, ఇంకోదానికి తర్వాత రమ్మన్నారు. జిప్పక్క వదిన గదిలోనే ఉండిపోయింది. చుక్కల మందు వెయ్యడం, తల తడవకుండా చూడటం, వంగనివ్వకపోవడం. వదినని వంగనివ్వకుండా ఆపడమంటే మాటలు కాదు, జీవితమంతా వంగి కుట్టిన మనిషి. ఆ రోజుల్లో షాపుకి తాళం ఉంటే, మన వీధి దాన్ని పారిపోవడం అంది. కట్టు విప్పిన రోజు వదిన మొట్టమొదట చూసింది జిప్పక్క మొహాన్నే.

"అయ్యో, ఇంత ముసలిదానివైపోయావేమే! ఫోన్‌లో నున్నగా ఉండేదానివి!"

"నీ కన్ను బాగుపడినట్టే" అంది జిప్పక్క.

ఆ తర్వాత లైను మళ్ళీ నడుస్తోంది. గ్రూపులో కాదు, కాళ్ళ మీద. చేతులక్క వెళ్ళి పిన్నిని చూస్తుంది. వదిన చేతులక్కని చూస్తుంది, రెండో కన్ను కూడా బాగుపడ్డాక ఒక్కతే బస్సెక్కుతోంది. జిప్పక్క వదినని చూస్తుంది. పిలవనక్కర్లేదు, చెప్పి రానక్కర్లేదు. రావడం మానేస్తేనే అడగాలి. తలుపు దగ్గర నిలబడి వాళ్ళు తిట్టుకునే తిట్లు వింటే, కొత్తవాళ్ళు పోట్లాటనుకుంటారు.

ఒక్కచోటే లైను తెగింది. జిప్పక్క వెనక మిషను బొత్తాల పిల్లది. ఆ పిల్ల అంత దూరాన్నుంచి ఫోన్లో ఏడవగలదు గానీ, లేచి వచ్చి చూడలేదు. పిన్నిని చూడమందామా అంటే, ఆవిడ మోకాళ్ళు వాకిలి దాటవు. "నాకేమవుతుంది, గుండ్రాయిలా ఉన్నాను" అంటుంది జిప్పక్క. వదిన కూడా అలాగే అనేది.

కాబట్టి మీతో ఒక మాట. మీరందరూ రోజూ ఆ బిల్డింగు మీదుగానే పోతారు. ఆమె గురించి ఇంతకాలం ఎన్నో చెప్పుకున్నారు, ఒక్కసారి ఆమెతో మాట్లాడండి. ఏ పూటైనా మెట్ల కింద మిషను చప్పుడు వినపడకపోతే, ఎవరో ఒకరు చూస్తారులే అనుకోకండి. కాస్త ఆగి, వెళ్ళి, "ఎలా ఉన్నావు జిప్పక్కా" అని నోటితో అడగండి. "బాగానే ఉన్నా" అంటుంది. వెంటనే కదిలిపోకండి. ఆ తర్వాత చెప్పే మాట కోసం కాసేపు నిలబడండి.